మూగతెరపై పురాణమూ తిరుగుబాటూ

ఢిల్లీలో ఇండియా గేటు నుండి గోల్ డాక్‌ఖానా దాకా సాగే అశోకా రోడ్డు మొదట్లో హైదరాబాదు హౌస్ ఉన్నది. ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ అలీఖాన్ కొరకు లుట్యెన్స్ రూపకల్పన చేయగా 1928 నాటికి పూర్తియైన సౌధమది. నేడు భారత ప్రభుత్వం విదేశాధినేతలకు అక్కడ విందులు చేస్తుంది. దాని ప్రక్కనే ఆంధ్ర భవనం. రాజధానికి వచ్చిన తెలుగువారిలో ఆ వీథి ఎరుగనివారు అరుదు. కాని ఆ సౌధం పూర్తికావడానికి నాలుగేండ్ల ముందు, దాని యజమాని ఒక మూగచిత్రం కారణంగా ఒక కళాకారుని తన రాజ్యం నుండి వెడలగొట్టిన సంగతి ఎరిగినవారు కొలదిమందియే. ఆ కళాకారుడు ధీరేంద్రనాథ్ గంగూలీ. ఆ చిత్రం పేరు 'రజియా బేగం'. ఆ చిత్రనాయిక 1236 నుండి 1240 వరకు ఈ ఢిల్లీ సింహాసనం మీద కూర్చున్న రాణి. ఆమె సమాధి అని చెప్పబడే చోటు తుర్క్‌మాన్ దర్వాజా సమీపాన, అశోకా రోడ్డుకు ఎంతో దూరం లేకుండ ఉన్నది.

మాటలేని బొమ్మకు ప్రభువులు అంతగా వెరవవలసిన పని యేమి? ఈ ప్రశ్న ఒక్క హైదరాబాదుకు సంబంధించినది కాదు. అదే కాలంలో, అదే సామ్రాజ్యపు మరొక కొసన, ఐర్లండులో కూడ ఈ ప్రశ్న పుట్టినది. రెండు దేశాలూ పరాధీనములే. రెంటికీ పురాతనమైన గాథాసంపద ఉన్నది. రెండుచోట్లా తిరుగుబాటు వీరులు జనుల నాలుకలపై నిలిచియున్నారు. రెండుచోట్లా చలనచిత్రం పసితనంలోనే ఈ గాథలను ఆశ్రయించినది. అయితే ఆశ్రయించిన తీరులో పెద్ద భేదం ఉన్నది. ఆ భేదాన్ని పరిశీలిస్తే తెలుగు చిత్రకళ పుట్టుకను గురించి, అది చెప్పిన కథలను గురించి, చెప్పలేకపోయిన కథలను గురించి కొంత తెలియగలదు.

ఐర్లండు గాథను మొదట తెరకెక్కించినది ఐర్లండు వారు కాదు. అమెరికాలోని కేలెమ్ కంపెనీ తరఫున సిడ్నీ ఓల్కాట్ అనే దర్శకుడు, జీన్ గాంటియే అనే నటీరచయిత్రి 1910లో సముద్రం దాటి వచ్చి 'ది లాడ్ ఫ్రమ్ ఓల్డ్ ఐర్లండ్' తీసినారు. ఓల్కాట్ కెనడాలో పుట్టిన ఐరిష్ సంతతివాడు. మరుసటి ఏడు వారి బృందం కెర్రీ మండలంలోని బొఫర్ట్ అనే పల్లెలో విడిది చేసి, నాటకశాలలలో ప్రసిద్ధికెక్కిన కథలనూ, తిరుగుబాటు గాథలనూ తీసినది. వానిలో 'రోరీ ఓ'మోర్' ముఖ్యమైనది. ఉరికంబం దాకా వెళ్లిన విప్లవకారుడు మతగురువు సాయంతో తప్పించుకొని అమెరికాకు చేరుకొనడం అందలి కథ. వలసపోయిన ఐరిష్ జనులు అమెరికా పట్టణాలలో ఈ బొమ్మలను చూచి కన్నీరు పెట్టగలరనీ, టిక్కెట్లు కొనగలరనీ కంపెనీకి తెలుసు. దేశాభిమానమూ వ్యాపారమూ అక్కడ చేయి చేయి కలిపి నడచినవి.

కాని యుద్ధకాలం వచ్చేసరికి ప్రభుత్వానికి ఈ వ్యాపారం సరిపడలేదు. 1803లో తిరుగుబాటు చేసి ఉరితీయబడిన రాబర్ట్ ఎమ్మెట్ కథను ఓల్కాట్ 1915లో చిత్రించినాడు. వాల్టర్ మాక్‌నమారా అంతకు పూర్వమే, 1914లో, 'ఐర్లండ్ ఎ నేషన్' అనే పెద్ద చిత్రం తీసియుండెను. అది డబ్లిన్ ప్రేక్షకుల ముందుకు వచ్చినది 1917 జనవరిలో. రెండు దినములు ఆడినది. ప్రేక్షకుల కేకలు, చప్పట్లు విన్న అధికారులు మూడవ దినం ఆడనీయలేదు. బొమ్మ మూగదే, కాని దానిని చూచినవారు మూగవారు కారు. ప్రభువుల భయమంతా ఇక్కడనే ఉన్నది. పుస్తకం చదివేవాడు ఒంటరిగా చదువుతాడు. చిత్రశాలలో వేయిమంది ఒకేసారి ఒకే వీరుని చూస్తారు, ఒకరి ఉత్సాహం మరొకరికి అంటుకొంటుంది.

1916 మార్చిలో డబ్లిన్‌లో ఫిల్మ్ కంపెనీ ఆఫ్ ఐర్లండ్ ఏర్పడినది. మరుసటి నెలలోనే ఈస్టర్ తిరుగుబాటు చెలరేగినది. ఆ కంపెనీ కార్యాలయం పోరాటం జరిగిన వీథులలోనే ఉండడం చేత దాని తొలి చిత్రములు అగ్నికి ఆహుతియైనవి. అయినా ఆ కంపెనీ నిలద్రొక్కుకొన్నది. చార్లెస్ కికమ్ నవల 'నాక్‌నగౌ'ను 1918లో తెరకెక్కించినది. రైతులను భూములనుండి వెళ్లగొట్టే దృశ్యములు అందులో ఉన్నవి. 1848 నాటి కథ అని చెప్పినా, చూచేవారు దానిని నాటి కథగా చూడలేదు. 1920లో అదే కంపెనీ 'విల్లీ రైలీ అండ్ హిజ్ కాలీన్ బాన్' తీసినది. కాథలిక్కు యువకునికీ ప్రొటెస్టెంటు కన్యకూ మధ్య నడచిన ప్రేమకథ అది. మతభేదం మీద నిలిచిన శాసనాలకు అది ప్రతివాదం. అదే సంవత్సరం నార్మన్ విటెన్ తీసిన సెయింట్ పాట్రిక్ చరిత్రలో అక్షరఫలకములు ఐరిష్, ఇంగ్లీషు భాషలు రెండింటిలోనూ కనిపించినవి. దేశభాష తెరమీద అక్షరరూపం దాల్చడం ఆ దేశానికి అల్పవిషయం కాదు.

ఈ కథలో తెలుగువారికి ప్రత్యేకంగా సంబంధించిన పేరొకటి ఉన్నది. 'విల్లీ రైలీ'కి దర్శకుడు జాన్ మాక్‌డొనా. ఆయన అన్న థామస్ మాక్‌డొనా కవి, డబ్లిన్ విశ్వవిద్యాలయ కళాశాలలో ఇంగ్లీషు అధ్యాపకుడు. 1916 తిరుగుబాటు నాయకులలో ఒకడుగా కాల్చివేయబడినాడు. ఆ అధ్యాపకుని పాఠములు విన్న విద్యార్థులలో బరంపురం నుండి 1913లో న్యాయశాస్త్రం చదువుటకై వెళ్లిన వరాహగిరి వేంకటగిరి ఒకరు. ఐరిష్ విప్లవకారులతో మెలగినాడన్న కారణంగా 1916లో ఆయన ఆ దేశం విడిచిపోవలసి వచ్చినది. తర్వాత కార్మికోద్యమ నాయకుడై, కేంద్రమంత్రియై, 1969 నుండి 1974 వరకు భారత రాష్ట్రపతిగా ఉన్నారు. గురువు ప్రాణమిచ్చినాడు, గురువు తమ్ముడు ఆ ప్రాణార్పణను పుట్టించిన ఆవేశాన్ని తెరకెక్కించినాడు, శిష్యుడు ఆ ఆవేశాన్ని తన దేశానికి తెచ్చుకొన్నాడు. తమ్ముని చిత్రం తీయబడిన చోటు కూడ సామాన్యమైనది కాదు. తిరుగుబాటు నాయకుడు పియర్స్ నడిపిన సెయింట్ ఎండా పాఠశాల ఆవరణం అది. ఆ ఆవరణంలోనే జాన్ మాక్‌డొనా 1919లో గణతంత్ర ఋణపత్రముల ప్రచారానికి ఒక చిన్న చిత్రం తీసినాడు. మైకేల్ కాలిన్స్ బల్ల ముందు కూర్చుండి ఋణపత్రములు ఇచ్చుచుండగా నాయకులు వచ్చి కొనడమే అందలి దృశ్యం. స్వచ్ఛందసైనికులు చిత్రశాలల యంత్రపు గదులలో ప్రవేశించి, తుపాకి చూపి, ఆ చిత్రాన్ని వేయించి, పోలీసులు వచ్చేలోపల వెడలిపోయినారని దర్శకుడే తర్వాత చెప్పియున్నాడు. పురాణంతో మొదలైన తెర ఇక్కడ వర్తమానాన్ని ముసుగు లేకుండ చూపించినది.

రెండవ బంధం మదనపల్లెది. బెల్‌ఫాస్ట్‌లో పుట్టిన కవి జేమ్స్ కజిన్స్ ఐరిష్ నాటకోద్యమపు తొలినాళ్లలో పురాతన గాథలను నాటకములుగా వ్రాసినవాడు. 1902లో ప్రదర్శింపబడిన 'ది స్లీప్ ఆఫ్ ది కింగ్' వానిలో ఒకటి. అనీబిసెంటు పిలుపుపై 1915లో మద్రాసు వచ్చి ఆమె పత్రికలో పనిచేసినాడు. ఈస్టర్ తిరుగుబాటును మెచ్చుకొంటూ వ్రాసినందుకు ఆ కొలువు పోయినది. తర్వాత మదనపల్లె దివ్యజ్ఞాన కళాశాలకు అధిపతియైనాడు. 1919లో రవీంద్రనాథ ఠాకూరు 'జనగణమన'ను ఇంగ్లీషులోకి మార్చినది ఆ కళాశాలలోనే. గాథలను రంగస్థలం మీదకు తెచ్చి ఒక జాతిని మేల్కొల్పిన ఉద్యమంలో పెరిగినవాడు రాయలసీమ పల్లెపట్టున అధ్యాపకుడుగా ఉండడం యాదృచ్ఛికమే కావచ్చును. కాని ఆనాటి తెలుగు విద్యావంతునకు ఐర్లండు దూరపుపేరు కాదని చెప్పుటకు ఈ రెండు ఉదాహరణలు చాలును.

అయితే ఆ తెలుగు విద్యావంతుడు 1920 ప్రాంతంలో చిత్రశాలకు వెళితే తెరమీద ఏమి చూచినాడు?

తెలుగు చిత్రపరిశ్రమకు పితామహుడని పేరొందిన రఘుపతి వెంకయ్య మచిలీపట్టణంలో 1869లో జన్మించినాడు. మద్రాసులో ఛాయాచిత్రకారుడుగా స్థిరపడినాడు. గ్రామఫోను పలకను బొమ్మతో జతపరచి ఆడించే క్రోనోమెగాఫోను అనే యంత్రాన్ని ఉన్న ఆస్తి తాకట్టు పెట్టి తెప్పించి, 1910లో మద్రాసు విక్టోరియా పబ్లిక్ హాలులో ప్రదర్శించినాడు. ఊరూరా గుడారములు వేసి, బర్మా, సింహళములదాకా ఆ యంత్రంతో తిరిగినాడు. 1914లో మద్రాసు మౌంటు రోడ్డు సమీపాన గెయిటీ చిత్రశాలను కట్టించినాడు. కుమారుడు ప్రకాశ్‌ను చిత్రనిర్మాణం నేర్చుకొనుటకై విదేశాలకు పంపినాడు. ప్రకాశ్ తిరిగివచ్చిన తర్వాత తండ్రీకొడుకులు స్టార్ ఆఫ్ ది ఈస్ట్ కంపెనీని నెలకొల్పి 1921లో 'భీష్మప్రతిజ్ఞ' తీసినారు. భీష్ముడు ప్రకాశే. గంగ పాత్రను పెగ్గీ కాస్టెల్లో అనే ఆంగ్లో ఇండియను వనిత ధరించినది. ఆ కాలంలో మన స్త్రీలు తెరమీదికి రావడానికి సంకోచించినందున ఇట్టి ఏర్పాటు తప్పలేదు. ప్రకాశ్ వద్ద పనిచేసిన చిత్తజల్లు పుల్లయ్య తర్వాత కాకినాడలో 'మార్కండేయ' తీసి, తానే యముడై నటించినాడు. నెల్లూరువాడైన వై. వి. రావు నటుడుగా, దర్శకుడుగా మూగచిత్రములలోనే చేయి తిప్పుకొన్నాడు. భీష్ముడు, మార్కండేయుడు, నందనారు, గజేంద్రుడు: ఇవీ మన మూగతెర నాయకుల పేర్లు.

పురాణమే ఎందుకు? భక్తి ఒక్కటే కారణమనుకొనరాదు. మద్రాసులో తీసిన బొమ్మ తెలుగువారు, తమిళులు, కన్నడిగులు, మలయాళులు చూచితేనే పెట్టిన డబ్బు తిరిగి వచ్చును. మాటలేని బొమ్మకు కథ ముందే తెలిసియుండవలెను. ప్రతిజ్ఞ చేసే భీష్ముని చూపితే చాలు, నాలుగు భాషలవారికీ అర్థమవుతుంది. అక్షరఫలకములు వచ్చినప్పుడు చదువురాని ప్రేక్షకులకై తెర ప్రక్కన నిలిచి ఒకడు బిగ్గరగా చదివి, దానికి తన మాటలు నాలుగు చేర్చి చెప్పేవాడు. హరికథలకూ, తోలుబొమ్మలకూ అలవాటుపడిన జనులకు ఇది కొత్తది కాదు. పురాణం ఆనాటి మూగచిత్రానికి ఉమ్మడి భాష.

రెండవ కారణం ప్రభుత్వం. 1918 నాటి సినిమటోగ్రాఫ్ చట్టం ప్రకారం 1920లో బొంబాయి, కలకత్తా, మద్రాసు, రంగూనులలో పరిశీలక మండలులు ఏర్పడినవి. పోలీసు కమిషనరు వానిలో ప్రధానవ్యక్తి. పురాణమైతే మతవిషయమని ప్రభుత్వం చేయి పెట్టదనే నమ్మకం నిర్మాతలకు ఉండేది. ఆ నమ్మకాన్ని 1921లో బొంబాయి కోహినూర్ కంపెనీ పరీక్షించినది. కాంజీభాయి రాథోడ్ దర్శకత్వంలో వచ్చిన 'భక్త విదుర'లో ద్వారకాదాస్ సంపత్ విదురుడైనాడు. ఆ విదురుడు ఖద్దరు వస్త్రములతో, టోపీతో, గాంధీని పోలినవాడై తెరమీద నడచినాడు. చూచినవారికి కౌరవులెవరో చెప్పవలసిన పని లేకపోయినది. కరాచీలోనూ, మద్రాసు రాజధానిలోనూ ఆ చిత్రాన్ని నిషేధించినారు. ఆ రాజధానిలోనిదే గదా కోస్తా ఆంధ్రమూ రాయలసీమయూ. మహాభారతం కూడ రాజద్రోహం కాగలదని తెలుగు నిర్మాతకు ఆ ఏటనే తెలిసివచ్చినది.

రంగస్థలానికి ఈ పాఠం అంతకు ముందే తెలుసు. మరాఠీలో ఖాడిల్కరు వ్రాసిన 'కీచకవధ' నాటకాన్ని, అందలి కీచకునిలో కర్జను కనిపించినందుకు, 1910లో నిషేధించినారు. తెలుగున దామరాజు పుండరీకాక్షుడు వ్రాసిన 'పాంచాల పరాభవము' కూడ నిషేధానికి గురియైనది. పాంచాలమంటే పంజాబు అని ప్రేక్షకులకు చెప్పనక్కరలేదు. అయితే నాటకానికీ చలనచిత్రానికీ ఒక భేదం ఉన్నది. నిషేధించిన నాటకాన్ని మరొక ఊరిలో, మరొక పేరుతో, నాలుగు తెరలు కట్టి ఆడవచ్చును. పెట్టుబడి పెట్టి తీసిన చిత్రాన్ని నిషేధిస్తే నిర్మాత నేలకూలుతాడు. కావున నాటకం చూపిన తెగువను తెలుగు చిత్రం చూపలేకపోయినది. దీనిని పిరికితనమని అనడం న్యాయం కాదు. ఇల్లు తాకట్టుపెట్టి యంత్రం కొన్న మనిషికి జైలుకన్న దివాలా భయంకరమైనది.

'భీష్మప్రతిజ్ఞ' విడుదలైన మరుసటి ఏడు, 1922 ఆగస్టులో, అల్లూరి సీతారామరాజు చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి ఠాణాలపై వరుసగా దాడిచేసి ఆయుధములు తీసికొన్నాడు. రెండేండ్లు మన్యమంతా పోరాటం నడచినది. 1924 మే 7వ తేదీన ఆయనను కాల్చిచంపినారు. ఆనాటికి తెలుగువారికి చిత్రశాలలు ఉన్నవి, కెమెరాలు ఉన్నవి, విదేశాలలో శిక్షణ పొందిన దర్శకుడు ఉన్నాడు. ఐరిష్ చిత్రకారులకు ఎమ్మెట్ మరణించి నూరేండ్లు దాటినది. తెలుగువారికి వీరుడు కన్నులయెదుట నిలిచియుండెను. అయినా మూగతెరపై సీతారామరాజు కనిపించలేదు. ఆయన పాటలలో, బుర్రకథలలో, మన్యపు పల్లెలలో చెప్పుకొనే కథలలో జీవించినాడు. తెలుగు తెరమీద ఆయన కథ నిండుచిత్రంగా వచ్చినది 1974లో, నటుడు కృష్ణ నిర్మించి నటించిన 'అల్లూరి సీతారామరాజు'గా. మరణానికీ ఆ చిత్రానికీ సరిగా ఏబదియేండ్ల ఎడం. మాటలు వచ్చిన తర్వాత కూడ ఆంక్షలు తొలగలేదు. 1939లో గూడవల్లి రామబ్రహ్మం తీసిన 'రైతుబిడ్డ' నిషేధాన్ని ఎదుర్కొన్నది. ఐర్లండులో 'నాక్‌నగౌ' ఇరువదియొక్క సంవత్సరాలకు ముందు చూపిన రైతు గోడే అది.

బ్రిటిషు పాలన లేని చోట స్వేచ్ఛ ఎక్కువగా ఉండునని ఊహించుకొనవచ్చును. ఆ ఊహకు హైదరాబాదు సమాధానం చెప్పినది. కలకత్తాలో 1921లో 'బిలేత్ ఫేరత్' అనే హాస్యచిత్రంతో పేరు తెచ్చుకొన్న ధీరేంద్రనాథ్ గంగూలీ 1922లో హైదరాబాదు చేరి లోటస్ ఫిల్మ్ కంపెనీని స్థాపించినాడు. నిజాము ఆదరించినాడు. 'ఇంద్రజిత్తు', 'హరగౌరి', 'యయాతి' వంటి పౌరాణికములూ, 'లేడీ టీచరు' వంటి సాంఘికములూ అక్కడ తయారైనవి. నగరంలో చిత్రశాలలు కూడ అతడు నడపినాడు. తెలంగాణంలో చిత్రనిర్మాణానికి ఇది తొలి అంకురం. ఇంద్రజిత్తు మేఘముల చాటున యుద్ధం చేసినంతకాలం ఎవరికీ అభ్యంతరం లేకపోయినది. 1924లో బొంబాయిలో తయారైన 'రజియా బేగం'ను గంగూలీ ప్రదర్శనకు తెచ్చినాడు. ముస్లిం రాకుమారికి హిందువుపై ప్రేమ కలగడం అందలి విషయం. నిజాము ఆగ్రహించి రాజ్యం విడిచి పొమ్మన్నాడు. కంపెనీ మూతపడినది. గంగూలీ కలకత్తా వెళ్లి మరల నిలద్రొక్కుకొని, చిరకాలం జీవించి, తుదకు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారాన్ని పొందినాడు. హైదరాబాదులోని అంకురం మాత్రం అంతటితో ఎండిపోయినది.

ఇక్కడ 'విల్లీ రైలీ' గుర్తుకు రాకమానదు. డబ్లిన్‌లో 1920లో యుద్ధం నడుమ రెండు మతములవారి ప్రేమకథను తీయగలిగినారు. తిరుగుబాటు చేసినవారే దానిని తీసినారు గనుక, తమ స్వరాజ్యంలో రెండు మతములకూ చోటున్నదని చెప్పడం వారికి అవసరమైనది. హైదరాబాదులో ప్రభువు ఆదరణపై కట్టిన కంపెనీకి ఆ అవసరమూ లేదు, ఆ ధైర్యానికి ఆధారమూ లేదు. ప్రజల ఆశ్రయంలో పుట్టిన కళకూ, ప్రభువు ఆశ్రయంలో పెరిగిన కళకూ ఉన్న తారతమ్యం పోతన కాలం నుండి తెలుగువారు ఎరిగినదే.

అయితే ఐర్లండును పొగడి మనలను నిందించుకొనడం చరిత్ర కాదు. ఐరిష్ తెరమీద తిరుగుబాటు కథలు మొదట వెలసినది అమెరికా డబ్బుతో, అమెరికాలోని ప్రేక్షకులకై. ఓల్కాట్‌కు నిషేధం వచ్చినా న్యూయార్కులో బొమ్మ ఆడగలదు. రఘుపతి వెంకయ్యకు మద్రాసులో నిషేధం వస్తే పోవడానికి మరొక దేశం లేదు. బర్మా, సింహళములకు వెళ్లిన తెలుగువారు, తమిళులు కూలికి పోయినవారు. అక్కడా అదే ప్రభుత్వం, రంగూనులో అదే పరిశీలక మండలి. సముద్రాల ఆవలనుండి స్వేచ్ఛగా డబ్బు పంపగల జాతికి ఒక చిత్రకళ పుట్టినది. ఆ వసతి లేని జాతికి మరొక చిత్రకళ పుట్టినది.

మరి 'భీష్మప్రతిజ్ఞ'లో దేశభక్తి దాగియున్నదా? సహాయనిరాకరణం సాగుతున్న 1921లో, సింహాసనాన్ని త్యజించే రాకుమారుని చూచి ప్రేక్షకుడు ఏమి తలచియుండునో ఊహించడం సులభం. కాని ఊహను చరిత్రగా చెప్పరాదు. ఆ చిత్రం నేడు లేదు. భారతదేశంలో తయారైన మూగచిత్రములు వేయికి పైబడియుండగా, పూర్తిగానో తునుకలుగానో మిగిలినవి మూడు పదులకు మించవు. నైట్రేట్ ఫిలిం త్వరగా మండును, తేమకు కరగును. అందలి వెండి కొరకు పాత బొమ్మలను కరగించిన వారూ కలరు. జాతీయ చలనచిత్ర భాండాగారం పూనాలో 1964లో ఏర్పడేనాటికి తెలుగువారి మూగచిత్రములు కాలగర్భంలో కలిసినవి. 'నాక్‌నగౌ', 'విల్లీ రైలీ', 'రోరీ ఓ'మోర్' నేటికీ చూడవచ్చును. ఆ దేశపు చరిత్రకారుడు తెరను చూచి వ్రాస్తాడు. తెలుగు చరిత్రకారుడు ప్రకటనపత్రములను, పాతవారి జ్ఞాపకాలను చూచి వ్రాయవలెను.

దక్షిణదేశపు మూగచిత్రములలో దాదాపు పూర్తిగా నిలిచినది 'మార్తాండవర్మ' ఒక్కటి. సి. వి. రామన్ పిళ్ళె మలయాళ నవలను ఆధారం చేసికొని పి. వి. రావు తీసిన ఆ చిత్రం 1933లో విడుదల కాగానే, హక్కులు తమవని ఆ నవల ప్రకాశకులు న్యాయస్థానానికి వెళ్లినారు. బొమ్మ వారి వశమైనది. తిరువనంతపురంలోని పుస్తకాల కొట్టులో అది మరుగున పడియుండగా 1974లో భాండాగారం వారు తెచ్చుకొన్నారు. అందరూ చూచిన చిత్రములు అరిగి నశించినవి. చూడనీయక ఆపినది బ్రదికినది. దానిని బ్రదికించినది ఒక పుస్తకం, దాని హక్కును కాపాడుకొన్న ప్రకాశకులు.

ఈ సంగతి రచయితలకు పనికిరానిది కాదు. మూగచిత్రం మాట లేనిదని అందురు గాని, దానికి అక్షరఫలకములు వ్రాసినవాడు ఒకడున్నాడు, వానిని చదివి వినిపించినవాడు ఒకడున్నాడు. తెలుగు అక్షరాన్ని తెరమీద నిలిపిన ఆ తొలి రచయితల పేర్లు ఏ వాఙ్మయ చరిత్రలోనూ చేరలేదు. పాత పత్రికల సంపుటములలో, చిత్రశాలల ప్రకటనపత్రములలో, పరిశీలక మండలి దస్తరములలో, 1927-28లో రంగాచారి అధ్యక్షతన జరిగిన విచారణ సంఘపు సాక్ష్యములలో ఆ కాలపు తెలుగు చిత్రప్రపంచం ముక్కలుగా మిగిలియున్నది. ఆ ముక్కలను ఏరి కూర్చవలసిన పని సాహిత్యకారులదే. బొమ్మ పోయినచోట దాని మాటనైనా నిలుపుకొనవచ్చును.

ఇంద్రజిత్తును ఆదరించి రజియాను ఓర్వలేని ప్రభువు కట్టించిన సౌధం అశోకా రోడ్డుపై చెక్కుచెదరక నిలిచియున్నది. రాయి నిలుచును. లోటస్ కంపెనీ బొమ్మలలో ఒక్క అడుగైనా నిలువలేదు. ఆ వీథిన నడిచే తెలుగువారికి రాతిసౌధం తనంత తానే కనిపించును. కనిపించకపోయిన ఆ బొమ్మలను ఎవరైనా చెప్పితేనే తెలియును.